చాప పుచ్చుకొని గేటు మూశారు

లోగన్, క్వీన్స్‌లాండ్
ఫిబ్రవరి చివరి ఆదివారం, ఆరాధన అయ్యాక

మా ఇంటి నిబంధనవైన, మాట దాటరాని పెద్దక్క ఫువాతినోకి,

ఎర్రసముద్రాన్ని రెండుగా చీల్చినవాడు మన ఇద్దరి మధ్య ఉన్న ఈ సముద్రాన్ని మాత్రం ఎందుకలాగే ఉంచాడో పైకి వెళ్ళాక అడుగుతాను. అంతదాకా ఈ కాగితమే పడవ. సంఘంలో ఒకావిడ మన ఊరు వస్తోంది, ఆమె చేతికి ఇస్తున్నాను.

అయ్యగారు ఆక్లండ్ వెళ్ళారు కనుక ఈ ఆదివారం ప్రసంగం నాకు పడింది. రాజు బల్ల దగ్గర కూర్చున్న కుంటివాడి మీద చెప్పాను. దావీదు వాణ్ణి పిలిపించి, నీ కాళ్ళ సంగతి ఎవరడిగారు, రోజూ నా పక్కన కూర్చొని భోంచెయ్యి అన్నాడే, ఆ సంగతి. "మీ బల్ల దగ్గర ఎవరి కుర్చీ తీసేశారు?" అని గర్జించి బల్ల గుద్దాను. మైకు కింద పడింది. ముందు వరుస ముసలమ్మలు విసనకర్రలు ఊపడం మానేశారు. వారమంతా కోల్డ్ స్టోరేజీలో ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాడి నోట్లో దేవుడు ఇంత నిప్పు ఎందుకు పోశాడో ఆయనకే తెలియాలి. బైబిలు కాలేజీ మెట్టు ఎక్కనివాణ్ణి. అయినా డీకనుల్లో ఇద్దరు ఏడ్చారు.

ఎండలు మండిపోతున్నాయి. నీ మరదలు లోటె వృద్ధాశ్రమంలో రెండు షిఫ్టులు చేస్తోంది. నీకు దండాలు చెప్పమంది.

నీ మేనకోడలు తాలోసగా బాగుంది. ఆరో తరగతిలోకి వచ్చింది. పొడుగైంది, అచ్చం నీ ముక్కు. మూర్ఛ అప్పుడప్పుడు వస్తోంది, డాక్టరు మందు మార్చాడు. బడివాళ్ళు చాలా మంచివాళ్ళు, వచ్చిన ప్రతిసారీ నాకు ఫోన్ చేస్తారు, నేను వెళ్ళి తెచ్చుకుంటాను. క్లాసు పిల్లలు క్యాంపుకి వెళ్ళారు. మనదాన్ని మేమే పంపలేదు. ఈ వారం కూడా ఇంట్లోనే ఉంది. అదేమంత సంగతి కాదు.

ప్రభువు రెక్కల నీడలో నువ్వు చల్లగా ఉండాలి.

నీ తమ్ముడు
ఎతువాతి


సఫోతు, సవాయీ
మార్చి, వాన తెరిపిచ్చిన రోజు

తమ్ముడా,

నా కళ్ళజోడు కాలు విరిగింది. నీ ఉత్తరం పాటల బృందంలోని అమ్మాయి చేత చదివించుకున్నాను. రెండోసారి చదవమంటే అది నా మొహం చూసి భయపడింది.

మైకు కింద పడిన సంగతి అరపేజీ రాశావు. నా మేనకోడలి గురించి నాలుగు ముక్కలు. ఆఖరిది, అదేమంత సంగతి కాదు. నాన్న పడవ తాడు విప్పేసి సముద్రం పాలు చేసిన రోజు కూడా గుమ్మంలో నిలబడి ఇదే మాట అన్నావు. నాకు గుర్తులేదనుకోకు.

క్యాంపుకి మేమే పంపలేదు అన్నావు. ఎవరయ్యా ఆ మేము? వాళ్ళు వద్దంటే నువ్వు "సరేనండి, సంతోషమండి" అని తల ఊపి, ఇంటికొచ్చి కాగితం మీద "మేమే" అయ్యావా? బడి జరుగుతున్న వారంలో పిల్ల ఇంట్లో ఎందుకుంది? మూర్ఛ వచ్చిన ప్రతిసారీ తెచ్చుకుంటానన్నావు. మళ్ళీ ఎప్పుడు తీసుకెళ్తావో ఆ ముక్క ఎక్కడా రాయలేదు.

తోటలో చెట్ల వెనక దాక్కున్నవాణ్ణి దేవుడు ఒకటే అడిగాడు, ఎక్కడున్నావని. ఆయనకు తెలియక అడగలేదు. నేను తెలియకే అడుగుతున్నాను. రాయి. ప్రసంగాలు నాకొద్దు.

మీ అక్క


లోగన్
మార్చి మూడో వారం

అక్కా,

చెట్టు వెనక నుంచి వస్తున్నాను. ఫోన్‌లో అయితే నా గొంతు నీకు వినపడుతుంది. ఆ గొంతు నువ్వు వినకూడదనే రాస్తున్నాను.

కిందటేడు నుంచే మొదలైంది. ముందు, ఈతకు వద్దన్నారు. సరేనండి అన్నాను. తరవాత, మధ్యాహ్నం దాకా ఉంచితే చాలదా అన్నారు. సంతోషమండి అన్నాను. క్యాంపు బాధ్యత మేం తీసుకోలేం అన్నారు. అలాగేనండి అన్నాను. చదువు చెప్పేవాళ్ళకు ఎదురు మాట్లాడడం మనకెవరు నేర్పారు? పైగా ప్రిన్సిపాల్ గారు నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, నవ్వుతూ, నా పేరు సరిగ్గా పలకడానికి కష్టపడుతూ చెబుతుంది. అంత మర్యాదగా అడిగే మనిషికి కాదని ఎలా చెప్పను?

నేను మొదటి ఉత్తరం రాసేనాటికే అసలు సంగతి జరిగిపోయింది. చదువుతున్న పిల్ల చదువుతున్నట్టే పడిపోయిందట. మిస్ హార్గన్ అని కొత్త టీచరు పరుగెత్తుకొచ్చి, రెండు చేతులూ పట్టి నేలకు అదిమింది. మూర్ఛలో ఉన్నవాళ్ళను అలా అదమకూడదు. డాక్టరు రాసిచ్చిన సూచనలు బడి ఆఫీసులో నేనే ఇచ్చాను. పిల్ల చెయ్యి ఎగిరిపడింది. టీచరు వెనక్కి తూలి పుస్తకాల బీరువా మీద పడింది. మణికట్టు విరిగింది. తాలోకి ఏమీ తెలియదు. లేచాక, "అందరూ గోడకి అతుక్కుని ఎందుకు నిలబడ్డారు?" అని అడిగిందట.

వారం రోజులు రావద్దన్నారు.

ఏం చెయ్యాలో నాకు తెలుసుననుకున్నాను. మన తాత చేసిన పనే. నా పెళ్ళికి నువ్వు రెండేళ్ళు కూర్చొని అల్లిన సన్నచాప పెట్టెలోంచి తీశాను. వారం ముగిసిన మర్నాడు తెల్లవారకముందే బడి గేటు ముందు నేల మీద కూర్చొని నిండా కప్పుకున్నాను. నా వెనక లోటె, ఇద్దరు డీకనులు. తలలు వంచుకొని కూర్చున్నాం. అవును, క్షమించమని చాప కప్పుకొని గుమ్మం ముందు కూర్చునే మన ఇఫోగానే చేశాను. కార్లు వచ్చాయి. చాప కింద నుంచి పిల్లల బూట్లు మాత్రం కనపడేవి.

"ఒరేయ్, దాని కింద మనిషున్నాడ్రా!"
"చచ్చిపోయాడేమో."
"చచ్చినోడు తుమ్ముతాడా?"

దుమ్ముకి తుమ్మాను మరి. ఎండ ఎక్కాక ప్రిన్సిపాల్ గారు వచ్చింది. మేం క్షమాపణ అడగడానికి వచ్చామని లోటె చెప్పింది. ఆవిడ వంగి, తన చేతులతో చాప ఎత్తింది అక్కా. తన చేతులతో! నా భుజం పట్టి లేపింది. "ఎంత అందంగా ఉంది! థాంక్యూ!" అని చాప లోపలికి తీసుకెళ్ళింది. నష్టపోయినవాళ్ళు చాప ఎత్తారంటే ఏమిటి? మాట ముగిసిందని. ఇంక ఎవరూ ఎత్తకూడదని. నేను చిన్నపిల్లాడిలా ఏడ్చాను. ఇంటికొచ్చి కీర్తన పాడాం.

మర్నాడు పిల్ల తలకు నూనె రాసి, రెండు జడలు వేసి, యూనిఫాం తొడిగి తీసుకెళ్ళాను. గేటు దగ్గర ఆఫీసు మనిషి అడ్డంగా నిలబడ్డాడు. "సారీ సర్. ఆమె లోపలికి రాకూడదు." అద్దాల్లోంచి చూస్తే, ఆఫీసు గోడకు నీ చాప వేలాడుతోంది. మేకులు కొట్టి.

తాలో నా చెయ్యి లాగి, "నాన్నా, పోదాం. అందరూ చూస్తున్నారు" అంది.

ఇప్పుడు, నేనే సంతకం పెట్టి పిల్లను మానిపించుకుంటే అందరికీ గౌరవంగా ఉంటుందంటున్నారు. ఈస్టర్ లోపు చెప్పమన్నారు. నేను నసిగితే ప్రిన్సిపాల్ గారు ఆశ్చర్యపోయింది. "మీరే కదా వచ్చి గేటు ముందు ఒప్పుకున్నారు, మీ అమ్మాయి ప్రమాదమని?"

నాకు తిండి సయించడం లేదు. మూర్ఛ వచ్చే కొడుకుని ప్రభువు దగ్గరికి తెచ్చిన తండ్రి కథ తీసి మళ్ళీ మళ్ళీ చదువుతున్నాను. ఆ తండ్రి సగం నమ్ముతూ సగం నమ్మక అక్కడే నిలబడి ఏడ్చాడు. నేనక్కడే ఉన్నాను.

ఎతువాతి


సఫోతు
ఏప్రిల్, ఈస్టర్ ముందు వారం

ఎతువాతీ,

మేకులు కొట్టారా. నా చాపకి.

ఆ మాట దగ్గర ఉత్తరం పక్కన పడేసి వెళ్ళి చేమదుంపలు తవ్వాను. చేతిలో పార ఉండడం ఆ వేళ అందరికీ మంచిదైంది.

విను. తప్పు చేసినవాడి కోసం చాప కప్పుకుంటారు. మూర్ఛ వచ్చిన పిల్ల ఏం తప్పు చేసింది? పాపం ఆ టీచరమ్మ చెయ్యి విరిగింది, వెళ్ళి పరామర్శించు, ఆమె ఇంటికి కూర పట్టుకెళ్ళు. అంతవరకే. మన భాష రానివాళ్ళ గుమ్మంలో మన భాషలో మాట్లాడి, వాళ్ళు తలకాయ ఊపితే అర్థమైందనుకున్నావు. నిన్ను చూస్తే కోపం, నీ మీద జాలి, రెండూ వస్తున్నాయి.

సంతకం పెట్టకు. ఆ దేశంలో చట్టం లేదా? కుక్కని కొడితే చట్టం ఉందని నువ్వే రాశావు ఒకసారి. పిల్లని గెంటితే ఉండదా? తెలిసినవాళ్ళని పట్టుకో. విశ్వాసులు కోర్టుకెక్కకూడదని మీ సంఘంలో ఎవరో ఒకరు అంటారు, నాకు తెలుసు. వాళ్ళని పౌలుని అడగమను. కొరడా ఎత్తినప్పుడు ఆయన ప్రార్థన మొదలుపెట్టలేదు. నేను రోమా పౌరుణ్ణి, మీరు చేస్తున్నది న్యాయమేనా అన్నాడు. కైసరు దగ్గరికే పోతానన్నాడు.

ఇది ఒకటి. రెండోది.

పిల్లని నాకు పంపు. మన ఆచారంలో అక్క మాట తమ్ముడికి నిబంధన, దాటరానిది. నేనెప్పుడూ వాడుకోలేదు, ఇప్పుడు వాడుతున్నాను. ఇక్కడ బడి చర్చి ఎదురుగానే ఉంది. పడిపోతే పక్కనున్నవాళ్ళు చాప పరుస్తారు, లేచాక నీళ్ళిస్తారు. నా గదిలో కిటికీ పక్కన మంచం వేయించాను. దోమతెర కూడా కుట్టాను.

ఫువాతినో


లోగన్
మే

నిబంధనవైన అక్కకి,

సంతకం పెట్టలేదు. పెన్ను నా చేతిలో పెట్టారు, నేను పెన్ను తిరిగిచ్చి, "మా అక్క వద్దంది" అన్నాను.

మిస్ హార్గన్ ఇంటికి సీమపనస కూర పట్టుకెళ్ళాం. కట్టు ఇంకా ఉంది. తలుపు తీసి తాలోని చూసి ఆమే ఏడ్చింది. లోపలికి రమ్మంది కానీ ఎక్కువ మాట్లాడలేదు. బడివాళ్ళు మాట్లాడవద్దన్నారట.

లోటె పనిచేసే చోట ఎవరో చెబితే, ఉచితంగా న్యాయసలహా ఇచ్చే ఆఫీసుకి వెళ్ళాం. బ్రోన్విన్ అని వకీలు. చెప్పులు విప్పి కుర్చీ మీద కాళ్ళు మడిచి కూర్చుంటుంది. మొదటి రోజు నేను అరగంట మాట్లాడాను. చివర ఆమె, "మీరు చెప్పిందాంట్లో ప్రిన్సిపాల్ ఎంత మంచిదో పది నిమిషాలు చెప్పారు. ఇప్పుడు ఏం చేసిందో చెప్పండి" అంది. నాకు నువ్వు గుర్తొచ్చావు.

ఆమె చెప్పింది నా మాటల్లో రాస్తాను. ఈ దేశపు చట్టం ప్రకారం వైకల్యం ఉందని పిల్లను బడిలో చేర్చుకోకుండా ఉండకూడదు, చేర్చుకున్నాక పాఠం నుంచి, ఈత నుంచి, క్యాంపు నుంచి తప్పించకూడదు. పిల్ల అందరితో పాటు చదువుకోవడానికి ఏ మార్పులు కావాలో, చెయ్యగలిగినంత మేరకు బడే చెయ్యాలి. భరించలేనంత కష్టమైతే తప్ప తప్పించుకోలేరు, ఆ కష్టమేమిటో కూడా వాళ్ళే చూపించాలి. అక్కా, ఇది విని నాకు ఒళ్ళు మండింది. గుడ్డివాడి దారిలో అడ్డం వెయ్యకూడదని మోషే ఏనాడో రాశాడు. అది మనం ఆదివారం చదువుకునే మాట అనుకున్నాను. సోమవారం పొద్దున అడగొచ్చని ఎవరూ చెప్పలేదు. ఏడాదిగా నేను "సరేనండి" అన్న ప్రతిదానికీ "కాదండి" అనే హక్కు నాకుంది. నా చేతుల్తో నేనే ఇచ్చేశాను.

ఫిర్యాదు పంపాం. గెలుస్తామని బ్రోన్విన్ అనదు. ఎంత అడిగినా అనదు. "మూర్ఛ వేరు, ఆ మూర్ఛలో తగిలిన దెబ్బ వేరు అని వాళ్ళు వాదిస్తారు. ఒక్కోసారి అలాంటి వాదన నెగ్గింది కూడా" అంది. మీరు చాప కప్పుకోవడాన్ని కూడా వాళ్ళు వాడుకుంటారంది. నా బిడ్డ మీద సాక్ష్యం చెప్పింది నేనే అవుతానా?

నువ్వన్నట్టే అయింది. అయ్యగారు పిలిచారు.

"ఎతువాతీ, అన్యుల ముందు వ్యాజ్యమా? పిల్ల కోసం ఉపవాసముండు."
"ఉంటున్నానయ్యగారూ. ఉపవాసముండి వెళ్తాను."
"ప్రసంగాలు కొన్నాళ్ళు ఆపు మరి."

ఆపాను. పండ్లు నూరుకుంటూ వెనక బెంచీలో కూర్చుంటున్నాను.

బడివాళ్ళు మధ్యలో ఒక మాట పంపారు. ఫిర్యాదు వెనక్కి తీసుకుంటే, బస్సులో గంటన్నర దూరంలో మూర్ఛ, ఇంకా అలాంటివి ఉన్న పిల్లల ప్రత్యేక బడిలో సీటు ఇప్పిస్తామని. అక్కడ భద్రంగా ఉంటుందని. నా మనసు అటు లాగింది, అబద్ధమాడను.

ఇక నీ రెండో మాట. నీకు కాదని చెప్పే నోరు నాకు లేదు. ఆగస్టు విమానం సంగతి కనుక్కున్నాను. భోజనాలకు ముందు, అత్త దగ్గరికి వెళ్తున్నావమ్మా అని తాలోకి చెప్పాను. అది ఉతికిన బట్టలు మడతపెడుతోంది. నా చొక్కా మడతపెట్టింది, విప్పింది, మళ్ళీ మడతపెట్టింది. లోటె చేతిలో గరిటె ధన్‌మని పెట్టింది.

"ఆ దూరపు బడి నాకంటుంది, ఇక్కడి బడి నాకొద్దంటుంది, వదిన నాకిమ్మంటుంది, నువ్వు అందరికీ సరే అంటావు. పిల్లకేం కావాలో ఒక్కరైనా అడిగారా ఈ ఇంట్లో?"

"పిల్లలు పెద్దల మధ్య మాట్లాడతారా లోటె?"

"చట్టం మాట్లాడమంటోందిగా!"

అది నిజం. బ్రోన్విన్ చెప్పింది. బడి ఏ ఏర్పాటు చెయ్యాలన్నా ముందు ఆ విద్యార్థిని అడగాలట. ఆగస్టులో ఇరుపక్షాలనూ ఒక మధ్యవర్తి కూర్చోబెడతాడు. తాలో కూడా రావాలి, మాట్లాడాలి అంటోంది. పదకొండేళ్ళ పిల్ల, ప్రిన్సిపాల్ గారి ఎదుట, తండ్రి పక్కన! ఏమంటుందో, ఏం పాడుచేస్తుందో. సభలో పడిపోతే? నువ్వేమంటే అది చేస్తాను.

ఎతువాతి


సఫోతు
జూన్

తమ్ముడా,

నువ్వేమంటే అది చేస్తాను అన్నావు. ఆ మాట నన్ను చాలా రోజులు పడుకోనివ్వలేదు.

నాకు పిల్లలు లేరు. నీ రెండో ఉత్తరం వచ్చాక, గేటు దగ్గర తాలోని ఆపారన్న చోట, నాకు కోపం కంటే ముందు ఇంకొకటి వచ్చింది. హమ్మయ్య, ఇక నా దగ్గరికే వస్తుందని. మంచం అప్పుడే వేయించాను. మీరు ఓడిపోవాలని మోకాళ్ళ మీద అడగలేదు గానీ, గెలవాలనీ అడగలేదు. అది దేవుడికి తెలుసు, ఇప్పుడు నీకూ తెలుసు.

నువ్వు కాదనలేవని తెలిసే అడిగాను. ఆ ప్రిన్సిపాల్ కూడా అంతే చేసింది కదా. ఆవిడకీ నాకూ తేడా ఏముంది, నేను చాపకి మేకులు కొట్టలేదు, అంతే.

అందుకని నా మాట వెనక్కి తీసుకుంటున్నాను. విమానం వద్దు. ఆ దూరపు బడి సంగతి కూడా నువ్వు తేల్చకు. పిల్లని అడుగు. పెద్దల ముందు పిల్లలు నోరెత్తకూడదంటావేమో. తండ్రి చచ్చిపోతే సెలోపెహాదు కూతుళ్ళు అయిదుగురు గుడారం గుమ్మంలోకొచ్చి, మోషే ముందు, యాజకుడి ముందు, సమాజమంతా చూస్తుండగా నిలబడి, మా వాటా ఏదని అడిగారు. మోషే వాళ్ళని కసరలేదు. వెళ్ళి దేవుణ్ణి అడిగాడు. ఆ పిల్లలు చెప్పింది సబబే అన్నాడు దేవుడు. చట్టం రాయించాడు. నువ్వు మోషే కంటే పెద్దవాడివా?

ఈ ఇంటి నిబంధనగా చెబుతున్నాను. ఆ గదిలో తాలో మాట్లాడుతుంది, నువ్వు మాట్లాడవు. సభలో పడిపోతే పడిపోనీ. వాళ్ళూ చూడాలి కదా.

ఇప్పుడు నిజంగా ప్రార్థిస్తున్నాను. గెలవాలని.

అక్క


లోగన్
ఆగస్టు

అక్కా,

నిన్న జరిగింది.

తెల్ల కోటు వేసుకొని, నడుముకు లావలావా గుడ్డ చుట్టుకున్నాను. లోటె నా పక్కన, తాలో మా ఇద్దరి మధ్య. మధ్యవర్తి బక్కపల్చటి పెద్దాయన. అటువైపు ప్రిన్సిపాల్ గారు, వాళ్ళ వకీలు, మిస్ హార్గన్. వాళ్ళ వకీలు మొదలుపెట్టడమే చాపతో మొదలుపెట్టాడు. కుటుంబమే బహిరంగంగా బాధ్యత ఒప్పుకుంది, పిల్ల వల్ల ఇతరులకు ముప్పు ఉందని వాళ్ళకే తెలుసు అన్నాడు.

నువ్వు మాట్లాడవద్దన్నావు. కానీ ఇది నా గురించే అన్నారు, అక్కా. లేచాను.

"అయ్యా, ఒక మనిషి చెయ్యి విరిగింది. మా ఇంటి పిల్ల వల్ల ఒకరికి నొప్పి కలిగితే, అది తెలిసి చేసినా తెలియక చేసినా, మేం వెళ్ళి నేల మీద కూర్చుంటాం. మా బిడ్డ దోషి అని దానికర్థం కాదు. మీ నొప్పి మాకు తెలుస్తోందని. మా బిడ్డని నేలకేసి అదిమారు. మీరెప్పుడైనా మా గుమ్మంలో కూర్చున్నారా? ఆ చాప మీరు ఎత్తారు. ఎత్తి గోడకి కొట్టుకున్నారు. కొట్టుకొని గేటు మూశారు!"

కిటికీ అద్దాలు అదిరాయి. లోటె నా కోటు అంచు పట్టుకు లాగింది, కూర్చున్నాను. అప్పుడు మిస్ హార్గన్, ఎవరూ అడక్కుండానే, "డాక్టరు సూచనలున్నాయని నాకెవరూ చెప్పలేదు. తెలిస్తే ఆ పిల్లని పట్టుకునేదాన్నే కాదు" అంది. వాళ్ళ వకీలు కాగితాలు సర్దుకున్నాడు. ప్రిన్సిపాల్ గారు కిందికి చూసింది. చాప తిరిగిస్తామంది. ఇచ్చింది ఇచ్చిందే, అది దెబ్బ తగిలినవాళ్ళకి చెందాలి అన్నాను. మిస్ హార్గన్ తీసుకెళ్తుంది. నీకిష్టమేనా?

అసలు సంగతి ఇంకా రాలేదు.

మధ్యవర్తి తాలో వైపు తిరిగి, "బడికి వెళ్తే నీకేం కావాలమ్మా?" అన్నాడు. నా నోరు దానంతటదే తెరుచుకుంది. లోటె గిల్లింది. మూసుకున్నాను. దేవుని మందిరంలో జెకర్యా మూగవాడైనట్టు కూర్చున్నాను. నేను లోపల, పడిపోకూడదు, పడిపోకూడదు అని ప్రార్థిస్తున్నాను.

"నాకు ఫిట్స్ వచ్చినప్పుడు మా నాన్నకి ఫోన్ చెయ్యొద్దు" అంది.

అందరూ నన్ను చూశారు.

"ఎందుకమ్మా?"

"నాన్న వచ్చేస్తాడు. వచ్చి ఇంటికి తీసుకెళ్ళిపోతాడు. నాకొచ్చేది కాసేపే. తరవాత కొంచెం పడుకుంటే పోతుంది. కళ్ళు తెరిచేసరికి నేను మా ఇంట్లో ఉంటా. ప్రతిసారీ. అప్పుడు క్లాసులో ఏం చెప్పారో నాకెప్పటికీ తెలీదు. స్కూలు వాళ్ళు పంపేస్తారు, నాన్న తీసుకెళ్ళిపోతాడు. ఇద్దరూ ఒకటే."

ఇద్దరూ ఒకటే. అటు ప్రిన్సిపాల్ గారు, ఇటు నేను. ఇన్నాళ్ళూ గేటు ఒక్కటే అనుకున్నాను అక్కా. రెండో వైపు తాళం నా దగ్గరుంది.

"మరి నీ అత్త దగ్గరికి? ఆ ఇంకో స్కూలుకి?" అని బ్రోన్విన్ అడిగింది. "అత్తంటే నాకిష్టం. సెలవులకి వెళ్తా. నా స్కూలు ఇదే" అంది. నేను వంకరగా రాయను, అదే మాట అంది.

సాయంత్రం దాకా సాగింది. ఒప్పందం కుదిరింది. తప్పు మాది అని వాళ్ళు రాయలేదు, అలా రాయరట. కానీ తాలో వచ్చే సోమవారం నుంచి, రోజంతా, బడికి వెళ్తుంది. టీచర్లందరికీ శిక్షణ ఇస్తారు. క్లాసు వెనక ఒక మూల పరుపు. ఈత ఉంటుంది, పక్కన ఒక మనిషి ఉంటాడు. పిల్లని పంపేసిన సంగతి రికార్డు నుంచి తీసేస్తారు. మూర్ఛ అయిదు నిమిషాలు దాటితేనో, దెబ్బ తగిలితేనో తప్ప నాకు ఫోన్ చెయ్యరు. ఆ చివరి వాక్యం కింద తండ్రి సంతకం కావాలన్నారు.

ఈసారి పెన్ను నేనే అడిగి తీసుకున్నాను. ఆ వాక్యం ఇంకోసారి చదివి సంతకం పెట్టాను.

ఎతువాతి


లోగన్
అక్టోబరు

అక్కా,

నువ్వు ఆగస్టు నుంచి రెండు ఉత్తరాలు రాశావు, నేను జవాబివ్వలేదు. రాయడానికేమీ లేక కాదు. ఫోన్ మోగడం లేదు. అదే సంగతి.

ఫోన్ మోగని మనిషి ఎలా బతుకుతాడో నీకు తెలియదు. మోగినన్నాళ్ళూ గుండె దడదడలాడేది. ఇప్పుడు మోగదు, ఇంకా ఎక్కువ దడదడలాడుతోంది. ఫోర్క్‌లిఫ్ట్ మీద ఫోన్ ఒళ్ళో పెట్టుకొని నడిపాను, సూపర్‌వైజర్ తిట్టి లాకర్లో పెట్టించాడు. ఫోన్ పాడైందేమోనని లోటె చేత నాకే చేయించాను. "బాగానే ఉంది. నీకే బాలేదు" అంది. ఒకరోజు భోజనం వేళలో కారేసుకొని బడి ముందు నుంచి వెళ్ళాను. గేటు కనపడింది. కాలు బ్రేకు మీదికి పోయింది. సంతకం గుర్తొచ్చి ఆగలేదు, మలుపు తిరిగాక పక్కకి తీసి చాలాసేపు కూర్చున్నాను. కొడుకుని కొండ మీదికి తీసుకెళ్ళిన అబ్రాహాముకి ఆపే దూత ఉన్నాడు. నాకు ఆపే దూత కూడా లేడు, నన్ను నేనే ఆపుకోవాలి.

అయ్యగారు మళ్ళీ నన్ను ప్రసంగం చెప్పమన్నారు. ఇంకో ఆదివారం చూద్దామన్నాను. గట్టిగా అరిచే ధైర్యం ఇంకా రాలేదు.

నిన్నటి సంగతి చెబుతాను. సాయంత్రం ప్రార్థన అయింది, భోజనాలకు కూర్చున్నాం. తాలో పళ్ళెం నిండా పెట్టుకొని, నములుతూ, "ఇవాళ వచ్చింది" అంది.

నా చేతిలో ముద్ద అలాగే ఆగిపోయింది.

"ఏమొచ్చింది?"

"అదే. ఫిట్స్."

"ఎప్పుడు?"

"పొద్దున్న. లెక్కల క్లాసులో."

"దెబ్బ తగిలిందా? ఎవరైనా పట్టుకున్నారా? ఎంతసేపు? నాకెందుకు చెప్పలేదు ఎవరూ?"

"నాన్నా, కొంచెం కొబ్బరిపాల కూర ఇటివ్వు."

ఇచ్చాను. గిన్నెలోది సగం దాని పళ్ళెంలోనే ఒంపేశాను, అది చూసి పిల్ల నవ్వింది. లోటె నన్నే చూస్తోంది.

"మరి తరవాత?" అన్నాను. "తరవాత ఏమైంది?"

"తరవాత సైన్సు" అంది.

అంతే. తరవాత సైన్సు. తింటున్నంతసేపూ ఆ సైన్సు పాఠం ఆపకుండా చెప్పింది, చేతులు తిప్పుతూ, గొంతులో అన్నం అడ్డుపడుతున్నా ఆగకుండా. నేను వింటూ కూర్చున్నాను.

కప్ప గుండెకు మూడే గదులట అక్కా. నీకు తెలుసా?

నీ తమ్ముడు
ఎతువాతి